గూళ్ళకోన పై గుహ

గూళ్ళకోన అడుగున, మేత బండ చుట్టూ, పదకొండు రాబందులు మెడలు నేలకు వాల్చి చచ్చిపడి ఉన్నాయి.

డాక్టర్ షాహీన్ రెండోసారి లెక్కపెట్టింది. పదకొండే. కర్నూలు నుంచి వచ్చి ఆరేళ్ళుగా ఈ కొండనే కనిపెట్టుకొని ఉన్న పక్షి శాస్త్రవేత్త ఆమె. ఈ కోనలో మిగిలిన రాబందులే పదమూడు. అంటే ఇక రెండు.

బండ మీద సగం తిన్న బర్రె కళేబరం ఉంది. ఆమె అడుగు వేయగానే ఈగలు జుమ్మని లేచాయి. షాహీన్ మోకాళ్ళ మీద కూర్చొని, ఒక పక్షి పొట్టను కత్తితో చీల్చింది. లోపల కాలేయం మీద సుద్ద పూసినట్టు తెల్లటి పొర.

"విషం కాదు" అంది. "పశువులకు నొప్పులకు వేసే సూది. ఆ సూది వేసిన బర్రె చచ్చిపోతే మందు మాంసంలో ఉండిపోతుంది. కుక్క తిన్నా ఏమీ కాదు. రాబందు తింటే మూడు రోజుల్లో మూత్రపిండాలు పాడై చస్తుంది."

బీట్ ఆఫీసర్ చౌడప్ప టోపీ తీసి నుదురు తుడుచుకున్నాడు. ఊళ్ళలో చచ్చిన పశువులను తెచ్చి ఈ బండ మీద రాబందులకు వేయించడం అటవీశాఖ వాళ్ళ ఏర్పాటే. సూది పడిన పశువును తేకూడదన్నది అందులో మొదటి షరతు. బండకు కాపలాదారు గురవయ్య. ముప్పై ఏళ్ళ చెంచు.

"గురవా! ఎవరు తెచ్చినారు దీన్ని?"

"తెల్దు సార్. నాలుగు దినాలుగా జరం. గూడెంలోనే పడుండా."

గురవయ్య మొహం నిజంగానే పీక్కుపోయి ఉంది. చౌడప్ప ఇంకేదో అడగబోయేంతలో ఈదన్న అరిచాడు.

"అమ్మా! పైకి చూడు!"

ఈదన్న గురవయ్యకు అక్క మొగుడు. నిటారు కొండచరియల మీద తేనె తీయడంలో ఆ చుట్టుపక్కల అతన్ని మించినవాడు లేడు. అతని వేలు చూపిన వైపు షాహీన్ బైనాక్యులర్ ఎత్తింది. మూడు వందల అడుగుల పైన, గోడలాంటి చరియలో ఒక అంచు. ఆ అంచు మీద ఒక రాబందు. దాని మెడ నెమ్మదిగా కిందికి వాలుతోంది. మళ్ళీ లేస్తోంది. మళ్ళీ వాలుతోంది. వెనక నల్లగా గుహ నోరు.

"మగది. అదీ తిన్నది" అంది షాహీన్. "ఆ గుహలో దాని పిల్ల ఉండాలి. నెల రోజులుగా జంట రెండూ మార్చి మార్చి అటే వెళ్తున్నాయి. రాబందు తిన్న మాంసాన్ని గొంతులో నుంచి కక్కి పిల్లకు పెడుతుంది. అది చచ్చేలోపు ఒక్కసారి కక్కినా చాలు, పిల్లా చస్తుంది. అంతలోపే పిల్లను తీసేయాలి."

"ఎంత టైముంది మేడమ్?" అని చౌడప్ప అడిగాడు.

"తెలియదు. నడవండి!"

నలుగురూ కళేబరం మీద రాళ్ళు కుప్పపోశారు. ఆ తర్వాత షాహీన్ సంచిలో నుంచి పాత పటం తీసింది. ఎప్పుడో ఒక రేంజర్ రాబందుల గూళ్ళు లెక్కపెడుతూ గీసుకున్నది. అటవీ బంగళా పెట్టెలో చెదలు తినగా మిగిలింది. అప్పట్లో ఈ కొండ మీద గూళ్ళు నూట నలభై. ఒక్కో గూటికి ఒక్కో చుక్క. అన్నిటికంటే పైన ఒంటరిగా ఒక చుక్క, దాని పక్కన 'పై గుహ' అని రాత. కింది గుహలో నుంచి కొండ తల మీదికి దారి ఉన్నట్టు ఒక వంకర గీత.

ఆ గీత మీదే వాళ్ళ ఆశంతా.

కింది గుహ నోరు పొదల వెనక దొరికింది. లోపల పది అడుగులు నిలబడి నడిచారు. ఆ తర్వాత వంగి, ఆ తర్వాత పొట్ట మీద పాక్కుంటూ వెళ్ళారు. గబ్బిలాల రెట్ట వాసన ముక్కులు పగలగొడుతోంది. ఒక్కసారిగా వందల రెక్కలు మొహాల మీదుగా దూసుకుపోయాయి. "తల దించండి!" అని చౌడప్ప కేక పెట్టాడు. తన తలే రాతికి కొట్టుకుంది.

మలుపు తిరిగితే గుహ విశాలమైంది. టార్చి వెలుగులో నడుము లోతు గుంత, పసుపు ముద్దలు, నిమ్మకాయలు, ఒక గడ్డపార.

"దొరికినారు దొంగలు!" చౌడప్ప పళ్ళు కొరికాడు. "నిధుల కోసం తవ్వే నాయాళ్ళు! పక్షులుంటే మేడమ్ రోజూ కెమెరాతో వస్తుందని, వాటిని చంపి కోన ఖాళీ చేయించినారు!"

ఈదన్న ఒక నిమ్మకాయ తీసి రాతికేసి కొట్టాడు. ఠక్కుమంది.

"ఇది ఎండి గోలీ అయింది సార్. గుంతలో పందికొక్కు కాపురం పెట్టి పిల్లల్ని గూడా లేపింది. నాలుగు నెలల నాటి గుంత. నిధి దొరకలే, నడుములు పట్టినాయి, పోయినారు. బర్రె మొన్నటిది."

"అయితే ఇంకెవడు?"

గురవయ్య అప్పటికే ముందుకు కదిలాడు.

గుహ చివర నిలువు చీలిక. వీపు ఒక గోడకు, కాళ్ళు ఇంకో గోడకు తన్ని ఎక్కాలి. సగంలో షాహీన్ కాలు జారింది. రాళ్ళు చీకట్లోకి దొర్లాయి, ఎంతసేపటికీ చప్పుడు ఆగలేదు. పైనుంచి గురవయ్య చెయ్యి చాపి ఆమె మణికట్టు పట్టుకున్నాడు. ఆ చెయ్యి చెమటతో తడిసి, మంచు ముక్కలా చల్లగా ఉంది.

కొండ తల మీదికి వచ్చేసరికి పది దాటింది. రాళ్ళు వేడెక్కుతున్నాయి. మిగిలిన ఆడ రాబందు పిల్లకు కాపలాగా ఉండి ఆ మాంసం తిననట్టుంది; వేడిగాలి లేస్తే అదీ ఆహారం కోసం ఎగురుతుంది. షాహీన్ ఆకాశమంతా వెతికింది. ఏమీ కనబడలేదు.

ఈదన్న తాడును వేపచెట్టు మొదలుకు మూడు చుట్లు చుట్టి, కొసను గురవయ్య చేతికి ఇవ్వబోయాడు. గురవయ్య వెనక్కి అడుగేశాడు.

"చేతులు బాగలేవు బావా. సార్‌ను పట్టుకోమను."

"ఏందిరా? సార్‌కు నా పెండ్లాం ఏమైతాది?" ఈదన్న నవ్వాడు. "నేను పడితే బొట్టు పోయేది మీ అక్కకు. తాడు నీది. పట్టు!"

తేనె తీసే చెంచుల పద్ధతి అది. కిందికి దిగేవాడి తాడు పట్టేది అతని భార్య తమ్ముడే. ఇంకో కట్టుబాటు కూడా ఉంది. తాడు చేతిలో ఉన్నంతసేపు కిందివాడు ఏది అడిగినా పైవాడు నిజమే చెప్పాలి. ముడి జారుతోందా, చెట్టు కదులుతోందా అని అడిగినప్పుడు ఒక్క అబద్ధం చెప్పినా కిందివాడి ప్రాణం పోతుంది.

గురవయ్య తాడు పట్టాడు.

ఈదన్న వీపుకు బుట్ట కట్టుకొని, దానికి కట్టిన రెండో తాడును చౌడప్ప చేతికిచ్చి అంచు దాటాడు. చరియకు నాలుగు పెద్ద తేనెపట్లు వేలాడుతున్నాయి. వాటికి మూరెడు దూరంలో అతను ఊపిరి బిగబట్టి జారాడు. ఒక పట్టు మీద తేనెటీగల పొర అలలా కదిలింది. ఆగింది.

"చేరినా!" కింద నుంచి కేక వచ్చింది.

"పిల్ల?"

షాహీన్ అంచు దాకా పాకి చెవి ఒగ్గింది.

"మగది చచ్చిపోయిందమ్మా. పిల్ల దాని ముక్కు పొడుస్తాండాది, కూడు పెట్టమని."

"తిన్నదా? కక్కిన మాంసం ఏమైనా కనబడుతోందా?"

"గూడంతా చూసినా. ఏం లేదు. పిల్ల గొంతు సంచి ఖాళీగా ఉండాది."

బుట్ట రెండో తాడు మీద పైకి వచ్చింది. అందులో బూడిదరంగు నూగుతో, కోడిపుంజంత పిల్ల, షాహీన్ వేలును కసిగా పొడిచింది. ఆమె ఏడుస్తూ నవ్వింది. నూట నలభై చుక్కల పటంలో మిగిలిన నిధి అది.

అంతలో ఈదన్న గొంతు మళ్ళీ వచ్చింది. ఈసారి అందులో నవ్వు లేదు.

"గురవా! ఇక్కడికి వాగు మలుపు కనబడతాండాది. కాకులు మూగినాయి. ఆడ రాబందు వాటి మీద చుట్టు తిరుగుతాంది. కిందికి దిగుతాంది. అక్కడ ఏముంది రా?"

తాడు గురవయ్య అరచేతుల్లో వణికింది. ఆ వణుకుకు కింద రాయి రాలి, ఒక తేనెపట్టు గుయ్యిమంది.

"బామ్మర్దీ! తాడు నీ చేతిలో ఉండాది. నేను అడుగుతాండా. అక్కడ ఏముంది?"

"చెప్పు గురవా!" అని చౌడప్ప అరిచాడు.

గురవయ్య కళ్ళు మూసుకున్నాడు.

"మిగతా సగం బర్రె బావా! నీళ్ళలో రాళ్ళ కింద పెట్టినా. పందులు లాగినట్టుండాయి. అదీ సూది పడిందే!"

చౌడప్ప వాగుకు దగ్గర్లో ఉన్న అటవీశాఖ క్యాంపును పిలుస్తూ వాకీటాకీ నోటికి ఆనించాడు. "బేస్ క్యాంపు! బేస్ క్యాంపు! వాగు మలుపుకు ఉరకండి! టపాకాయలు కాల్చండి! రాబందును వాలనీయొద్దు! ఉరకండ్రా!"

క్షణాలు గడవలేదు. షాహీన్ పిల్లను ఒడిలో పెట్టుకొని లోయ వైపే చూసింది. గురవయ్య తాడు లాగుతున్నాడు, ఒక్కో బారా, పళ్ళ బిగువున. తేనెటీగలు లేచాయి. ఒకటి, పది, యాభై. అతని మొహం మీద, చేతుల మీద వాలి కుట్టాయి. తాడు ఒక్క వేలెడు కూడా జారలేదు.

దూరంగా టపటపా చప్పుళ్ళు. వాగు మలుపు నుంచి ఒక పెద్ద నల్లటి నీడ పైకి లేచింది. గుండ్రంగా తిరిగి, కోన దాటి, ఎత్తుకు ఎత్తుకు పోయింది.

"వాలలేదు సార్!" వాకీటాకీలో గొంతు రొప్పింది. "కాళ్ళు ఆనించకముందే లేచింది!"

ఈదన్న అంచు మీదికి పాకి వచ్చాడు. నలుగురూ పొగ పెట్టి, ఈదన్న తెచ్చిన దుప్పట్లు కప్పుకొని, ఈగలు తగ్గేదాకా బండ చాటున నక్కారు. ఆ తర్వాత ఈదన్న బావమరిది వాచిన మొహంలో నుంచి ముళ్ళు ఒక్కొక్కటే తీశాడు.

షాహీన్ అడిగింది. "సూది వేశారని నీకు ముందే తెలుసా గురవయ్యా?"

గురవయ్య ఆమె ఒడిలోని పిల్ల వంక చూడలేక నేల చూశాడు.

"తెలుసు మేడమ్. రైతు చెప్పినాడు. అయినా నేనే తెచ్చినా. జరం గిరం ఏం లేదు, అబద్ధం. నెల దినాలుగా ఒక్క పశువు దొరకలే. అందరికీ ట్రాక్టర్లు వచ్చినాయి, ఎద్దులు లేవు. ముసలి బర్రెల్ని సావకముందే లారీలకు ఎక్కిస్తాండారు. ఈ పక్షులు పొద్దున్నే వచ్చి ఖాళీ బండ చుట్టూ కూర్చుంటాయి, నా దిక్కు చూస్తాయి. ఎన్ని దినాలు చూసేది? మా అమ్మ అడివిలో చేదుగడ్డ తవ్వుకొస్తే, కోసి ఒక రాత్రంతా పారే నీళ్ళలో పెడతాది. తెల్లారేసరికి విషమంతా పోతాది. పిల్లలకు గూడా పెడతాం. మందు గూడా అట్లే పోతాదనుకున్నా. బర్రెను రెండుగా నరికి రెండు దినాలు వాగులో నానబెట్టినా. కడిగిన చేతులతోనే ఒక సగం ఈడ్చుకొచ్చి బండ మీద పెట్టినా, రెండోది ఇంకో దినానికని వాగులోనే ఉంచినా. అన్నీ ఒక్కసారిగా వాలినాయి మేడమ్. అవి తింటా ఉంటే నేను పక్కనే చెట్టు కింద కూర్చొని సద్ది తిన్నా. ఆ పొద్దు ఎంత రుచిగా ఉన్నిందో నా కూడు."