కిష్టప్ప ఇంటి కిటికీ

దేవదుర్గ తాలూకాలో, గబ్బూరుకు కొంచెం ఎడంగా ఉన్న ఓ పల్లెలో, ఊరి చివర కిష్టప్ప ఇల్లు ఉంది. కిష్టప్ప పోయి పదేళ్ళు. తలుపుకు తాళం. పొద్దుగూకితే ఆ దారిన ఎవరూ నడవరు.

ఈ సంగతి నాకు చెప్పింది కిరణ్మయి. హైదరాబాదులో డాక్యుమెంటరీలు తీస్తుంది. ఆ ఊరి కథను ఊరివాళ్ళ నోటనే చెప్పించాలని నిరుడు చలికాలం అక్కడ నెలరోజులు ఉంది. భీమవ్వ ఇంట్లో మకాం.

పదకొండు మందిని కెమెరా ముందు కూర్చోబెట్టింది. ఆ ఇంటి గురించి పదకొండు మందీ ఒకే మాట చెప్పారు.

"కిష్టప్ప కోడలు బాయిల పడి సచ్చె. నడిరాత్రి ఇంట్ల దగ్గుతది. అటు చూస్తే కండ్లు పోతయ్."

కూలికి పోయే ఆదెన్న మాత్రం చివర్లో ఒకటి కలిపాడు — "నీ కెమెరాకు ఉన్నదే ఒక్క కన్ను. పైలం."

చూసినవాళ్ళ మాటలు ఎప్పుడూ కొంత తేడాగా ఉంటాయి. పొల్లుపోకుండా కలిశాయంటే ఎవరో నేర్పినవే. కిరణ్మయికి ఆ అనుమానం రాలేదు.

ఓ రాత్రి మైకు పట్టుకుని ఒక్కతే వెళ్ళింది. చీకట్లో మైకు కర్ర కిటికీ రెక్కకు తగిలింది — టక్... టక్.

లోపల దగ్గు. తర్వాత అడుగులు. కిటికీ దాకా వచ్చి ఆగాయి.

"వచ్చేశావా..." ఆడగొంతు, గుసగుసగా. "ఇన్నాళ్ళేంటి?"

ఆ మాట ఈ ఊరి యాసలో లేదు. అదీ ఆమె పట్టించుకోలేదు. పరుగెత్తింది. ఇంటికి చేరాక, మైకులో పడ్డ ఆ గొంతును ఫోన్లోంచి నెట్‌లో పెట్టింది — ఊరి పేరుతో సహా.

తెల్లారి భీమవ్వకు వినిపించింది. భీమవ్వ రొట్టె తట్టడం ఆపేసింది.

"ఎంత పని జేస్తివమ్మా... అది దయ్యం గాదు. మా ఊరి సిద్దు పెండ్లాం, హిమబిందు. సిరవార దిక్కు, కాలువ కింద సేద్యానికి కోస్తా నుంచి వచ్చినోళ్ళ క్యాంపు పిల్ల. మా కులపోన్ని చేసుకున్నదని అన్నలు ఎతుకుతున్నరు. దొరికితే సంపుతరు. సిద్దు బెంగళూరుల రూము చూసి, ఓ రాత్రి వచ్చి కిటికీ కొట్టి తోల్కపోతనన్నడు. అందాక ఎవ్వరు అటు పోవద్దని మేమే దయ్యమని జెప్పినం."

"నాకెందుకు చెప్పలేదు అవ్వా?"

"నీ చేతిల కెమెరా ఉండె గద."

కిరణ్మయి వెంటనే తీసేసింది. అప్పటికే నాలుగు వేలమంది విన్నారు. గొంతు గుర్తుపట్టడానికి ఇద్దరు చాలు.

చీకటి పడ్డాక పిల్లను వేరే ఊరికి దాటిద్దామనుకున్నారు. అన్నల జీపు సాయంత్రం నాలుగింటికే వచ్చింది. మగవాళ్ళంతా చేలల్లో ఉన్నారు.

మూడో రోజు కాలువలో శవం తేలింది.

ఆరు నెలల తర్వాత కిరణ్మయి మళ్ళీ వెళ్ళింది, కెమెరా లేకుండా. ఆ ఇంటి గురించి అడిగింది.

లోపలి నుంచి కిటికీ కొడుతున్నట్టు వినిపిస్తుందని భీమవ్వ చెప్పింది. ఆదెన్నకు తడిబట్టలు పిండుతున్న చప్పుడు వినిపించిందట. పక్కింటి మంజమ్మ ఇంకేదో చెప్పబోయి, ఏడ్చి ఊరుకుంది.

సిద్దు కూడా ఊళ్ళోనే ఉన్నాడు.

"నాకేం వినిపించదక్కా," అన్నాడు. "రోజూ పోయి కిటికీ కొడత. పలకదు."

ఈసారి ఏ ఇద్దరి మాటా కలవలేదు.