వాపస్ పోయిన గేమ్

నల్లా బంద్ కాకముందే డ్రమ్ములు నింపి, పొయ్యి మీద ఎసరు పెట్టి భాగ్య లోపలికి వచ్చేసరికి, కూతురు స్పందన నేల మీద కూర్చొని అట్టపెట్టెకు టేపు వేస్తోంది. పెట్టెలో ఉన్నది చేతిలో పట్టుకొని ఆడే గేమ్ మిషన్. దాని చుట్టూ తువ్వాలు చుట్టి, పైన బిల్లు జిరాక్స్ పెట్టింది.

“అమ్మా, బడికి పొయ్యేటప్పుడు గిది కొరియర్‌ల ఏసి పో. ఇయ్యాల మిల్లుకు లారీలొస్తయి, నాకు తీరదు.”

“నాకు తీరుతదా? బడిల పప్పు ఎవలు పెడ్తరు, నీ మొగడా?”

“మొగడింక కాలేడు, ప్రధానమే అయింది. అయినంక పంపుత తియ్యి, పప్పుకూ చారుకూ.”

భాగ్య నవ్వలేదు. నవ్వడానికీ ఓపిక ఉండాలి. ఆమె సర్కారు బడిలో మధ్యాహ్న భోజనం వండుతుంది. బడి నుంచి వచ్చాక ఇంటి పని, ఇంటి పనితో పాటు మనిషి పని. ఆ మనిషి ఆమె భర్త ప్రభుదాస్. లారీ డ్రైవర్. పోయిన వానాకాలం వడ్ల లోడుతో వస్తూ, బండిని రోడ్డు పక్కకు ఆపుకొని స్టీరింగ్ మీదికి ఒరిగిపోయాడు. పక్షవాతం. కాలు కొంత తిరిగి వచ్చింది. కుడిచెయ్యి రాలేదు. మాట ముక్కలుగా వస్తుంది.

వేళ్లు కదిలించాలని దవాఖానలో రబ్బరు బంతి ఇచ్చారు. ప్రభుదాస్ దాన్ని మంచం కిందికి దొర్లించాడు. ప్రధానం అయిన కొద్ది రోజులకు, కాబోయే అల్లుడు ప్రవీణ్‌కుమార్ బిచ్కుంద నుంచి వచ్చి తాను ఆడుకునే మిషన్‌ను మామ చేతిలో పెట్టాడు. అందులో లారీ నడిపే ఆట ఉంది. పడిపోయిన చెయ్యి కదలాలని, ఎడమ బొటనవేలితో తిప్పే స్టీరింగును కుడి బొటనవేలికి మార్చి మరీ ఇచ్చాడు. ఆ రోజు నుంచి ప్రభుదాస్ మంచం మీద కూర్చొని లారీ తోలాడు.

ఈ మధ్య మానేశాడు. మిషన్‌ను దిండు కిందికి తోసి గోడ వైపు తిరిగి పడుకున్నాడు. ఏమైందంటే చెప్పలేదు. స్పందన దాన్ని తీసి చూస్తే, వేలు పెట్టకుండానే లారీ ఎడమకు పోతోంది.

“బాపూ, నీ చెయ్యి గాదు. గుండీ ఖరాబైంది,” అంది.

ప్రభుదాస్ గోడ వైపు నుంచి ఇటు తిరిగాడు. తన వేలే మళ్లీ పడిపోయిందని అన్నాళ్లూ అనుకున్నాడు.

స్పందన కంపెనీకి ఫోన్ చేసింది. గ్యారంటీ ఉంది, పంపండి, బాగుచేసి ఇవ్వడానికి నెల పట్టొచ్చు అన్నారు వాళ్లు.

కొరియర్ ఆఫీసు బస్టాండు పక్క సందులో ఉంది. భాగ్య పెట్టెను చంకలో పెట్టుకొని పోతుంటే, బిచ్కుంద బస్సు కోసం నిల్చున్న స్వాతి కనబడింది. స్వాతి ప్రవీణ్ అన్న భార్య. బాన్సువాడ దవాఖానకు వచ్చి తిరిగి పోతోంది.

“వందనాలు చిన్నమ్మా. ఏందా డబ్బ?”

“గా గేము లేదా బిడ్డా, ప్రవీణ్ ఇచ్చింది. వాపస్ పంపుతున్నం.”

“వాపసా?”

“ఔ. మస్తు జూసినం. ఇగ మాతోని కాదు.”

స్వాతి తన సంచిని ఈ చేతి నుంచి ఆ చేతికి మార్చుకుంది. “అందరు కూసోని అనుకున్నరా చిన్నమ్మా?”

“అనుకునుడేంది? స్పందననే జేసింది అంత. గివన్ని నాకేం తెలుస్తయి.”

పప్పు గుర్తొచ్చి భాగ్య కదిలింది. స్వాతి వెనక నుంచి ఇంకేదో అడిగింది. బస్సు హారన్‌లో వినబడలేదు.

ఆదివారం చర్చి నుంచి వచ్చి చీరైనా మార్చుకోలేదు, ఇంటి ముందు ఆటో ఆగింది. ప్రవీణ్ తల్లి బక్కమ్మ, తండ్రి భీంరావు దిగారు. బక్కమ్మ చేతిలో మూట ఉంది. చర్చి మనుషులు ఎక్కడ కలిసినా ముందు వందనాలు అంటారు. బక్కమ్మ అనలేదు. భాగ్య నీళ్లు తెస్తే చెంబు వైపు చూడలేదు.

మూటను నేల మీద పెట్టి ముడి విప్పింది. ప్రధానం నాడు పిల్ల తరఫు వాళ్లు పిలగానికి పెట్టిన ఉంగరం, ప్యాంటు షర్టు బట్ట, గడియారం అందులో ఉన్నాయి.

“మీరు పెట్టినయి మీకు తెచ్చినం. సూస్కోండ్రి. బైబిల్ ఒక్కటి తేలే. దేవుని వాక్యం వాపస్ తెచ్చుడు నాకు చేతగాలే.”

“ఏందొదినే గిది?” అంది భాగ్య.

“మమ్ముల అడుగుతున్నవా? బస్టాండుల నిలబడి మా కోడలుకు చెప్తివి. ఇంటికొచ్చి మాకు చెప్పనీకి కాళ్లు రాలేదా?”

భీంరావు కుర్చీలో కూర్చోకుండా దాని వీపు పట్టుకొని నిల్చున్నాడు. మంచం మీది ప్రభుదాస్‌తో అన్నాడు: “పిల్ల వద్దన్నదంటె వద్దన్నది, జబర్దస్తి లేదు బావా. కని కొరియర్‌ల ఏస్తరా? మేమేమన్న దుకాణపోల్లమా, సామాను నచ్చలేదని వాపస్ పంపనీకి?”

భాగ్యకు అప్పుడు తెలిసింది. ఈ వైపు సంబంధం వద్దనుకుంటే ఎవరూ నోటితో చెప్పరు. ఇచ్చిన సామాను వాపస్ పంపుతారు. అది చూసి అవతలి వాళ్లు తమ దగ్గరున్నవి వాపస్ తెస్తారు. అంతటితో తెగిపోతుంది. ఆ మాటనే ఆమె బస్టాండులో, అది కూడా ప్రవీణ్ వదినతో, పెట్టె చంకలో పెట్టుకొని అంది.

“అయ్యో వదినే! వాపస్ అంటె మీకు గాదు. కంపినికి! గుండీ ఖరాబైంది, రిపేరుకు పంపినం. ఇగో రసీదు, ఇగో!”

భీంరావు రసీదు పట్టుకొని, దూరం పెట్టి చదివాడు. “బెంగళూరు అని ఉన్నది,” అన్నాడు భార్యతో. “బిచ్కుంద గాదు.”

బక్కమ్మ నెత్తి మీద చెయ్యి పెట్టుకొని నేల మీద కూలబడింది. “దినాము బువ్వ గొంతుల దిగలే నాకు. ప్రవీణ్‌కు చెప్తె రానియ్యడని, వాడు ట్రైనింగుకు పోయినంక దొంగల లెక్క వస్తిమి. కంపిని అన్న ఒక్క మాట నీ నోట్లెకెల్లి ఎందుకు రాలే వదినే?”

“మాట్లాడ ఓపిక లేకుండె వదినే,” అంది భాగ్య. అది నిజం.

భీంరావు నవ్వాడు. బక్కమ్మ కొంగుతో ముక్కు తుడుచుకొని తనూ నవ్వింది. వంటింటి గడపలో నిల్చున్న స్పందన నవ్వలేదు. చూపు మూట మీదనే ఉంది. దాన్ని ముందుగా గమనించింది బక్కమ్మ.

“నువ్వెందుకట్ల నిలవడ్డవు పిల్లా? కోపమొచ్చిందా మామీద?”

“లేదత్తమ్మా.” స్పందన మూట మీది నుంచి చూపు తిప్పింది. “నేనైతె వాపస్ పంపలే. కని మీరు మూట ఇప్పంగనే నా పానం నిమ్మలమైంది.”

భీంరావు నవ్వు ఆగిపోయింది. భాగ్య కూతురి దగ్గరికి వెళ్లింది.

“ఏం మాట్లాడుతున్నవే? పిలగాడు మంచోడు గాడా?”

“మంచోడే. నాకిష్టమే. గందుకే నోటితోని వద్దనలేకపోయిన. వాళ్లే తెంపుకున్నరనుకోని నిమ్మలపడ్డ. నాకే సిగ్గయితుంది.”

“ఎందుకు మరి?”

“నీ మొఖం అద్దంల జూసుకున్నవా అమ్మా? బాపుకు తినిపిచ్చుకుంటనే నిద్ర పోతున్నవు, చేతిల ముద్ద చేతిలనే ఉంటది. పగటాల నేను మిల్లుకెల్లి ఉరికొచ్చి పెడ్తున్న. బాపు ఎడమచేత్తోని తినడాయె. నేను పోతె ఎవలు పెడ్తరు? బడంతకు వండి, మల్ల నువ్వే ఉరికొస్తవా?”

“నేనడిగిన్నా నిన్ను? పెండ్లి ఆపుకోని నాకు జెయ్యమని అడిగిన్నా?” భాగ్య గొంతు లేచింది. “నువ్వాగితె నా పని తగ్గదే. ఇంట్ల ఇంకో మనిషి ఏడుపు ఎక్కువైతది, గంతే.”

“గిట్ల అంటవనే చెప్పలే.”

“చెప్పకుంట జేసిందేంది మరి? వాళ్ల ముంగట నా ఇజ్జత్ తీస్తివి.”

ఠక్కుమని చప్పుడైంది. ప్రభుదాస్ మంచం పట్టె మీద కొట్టాడు.

“నేను... తింట.”

“ఆకలైతుందా? ఉండు, తెస్తున్న,” అంది భాగ్య. కళ్లు తుడుచుకొని వంటింట్లోకి తిరిగింది.

“పెట్టకు. నేనే... తింట.”

అతను కుడిచెయ్యి ముందుకు చాచాడు. బొటనవేలిని చూపుడువేలికి తాకించాడు. తర్వాత నడిమి వేలికి. తర్వాత ఉంగరం వేలికి. ఒక్కో వేలి దగ్గర ఆగి ఊపిరి తీసుకున్నాడు. చిటికెన వేలు అందలేదు. మూడు వేళ్లతో ముద్ద పట్టినట్టు నోటి దాకా తెచ్చి చూపించాడు.

“మీరు... చర్చికి పోతె... తిన్న.”

“ఏం తిన్నవు?” అంది భాగ్య.

“కూర.”

భాగ్య అతని వైపు చూస్తూ నిల్చుంది. “గిన్నెల కూర తక్కువైతుందని పక్కింటి పిల్లిని కట్టెతోని ఉరికిచ్చిన గదనయ్యా!”

భీంరావు నోటికి కండువా అడ్డం పెట్టుకున్నాడు. ప్రభుదాస్ మాత్రం నవ్వలేదు.

“గింత పెద్ద ముచ్చట ఎందుకు చెప్పలే బాపూ?” స్పందన మంచం దగ్గర కూర్చొని అడిగింది.

ఆ జవాబు కోసం ప్రభుదాస్ చాలా కష్టపడ్డాడు. పెదవులు మాట కోసం తడుముకున్నాయి. తొందర పెట్టకుండా అందరూ ఆగారు.

“తింట అంటె... అమ్మ కూసోదు. దినమంత... కూసునేది... గప్పుడే.”

భాగ్య రోజూ రాత్రి అతనికి తినిపిస్తూ, ఇదొక పని మిగిలింది, ఇది అయితే పడుకోవచ్చు అనుకునేది. మధ్యలో కునుకు పట్టి, ఉలిక్కిపడి లేచేసరికి అతను ఆమెనే చూస్తూ ఉండేవాడు. ఒక్కసారి కూడా లేపలేదు. ముద్ద ఆమె చేతిలో ఆరిపోతుంటే, ఆకలితోనే ఆగేవాడు. తాను మనిషిని మోస్తున్నాననుకుంది. ఆ మనిషి తనకు రోజూ కాసేపు కూర్చునే వీలు చేస్తున్నాడని ఆమెకు తట్టలేదు.

“నన్ను గిట్ల జేస్తివా?” అంది. కొంగు మొహానికి అడ్డం పెట్టుకొని మంచం పక్కనే కూర్చుండిపోయింది. స్పందన తల్లి వీపు మీద చెయ్యి వేసింది.

బక్కమ్మ మూట ముడి వేసింది. గట్టిగా ఉందో లేదో లాగి చూసింది.

“బిచ్కుందేమన్న దుబాయా పిల్లా? బస్సెక్కితె ఎంతసేపు? అదీ కష్టమంటె గీ గల్లీలనే కిరాయికి ఉండుండ్రి, వాడే ఇక్కడికెల్లి డ్యూటీకి పోతడు. నాకు కోడలు గావాలె గని, మా వాకిలి ఊడ్వ మనిషి గాదు. ఇష్టమే అన్నవు. గా మాట నేను చెవులార విన్న. ఇగ అడుగుతున్న, సంబంధం ఉంటదా, పోతదా?”

స్పందన తండ్రిని చూసింది. తల్లిని చూసింది. భాగ్య కొంగు తీయకుండానే తల ఊపింది.

“ఉంటదత్తమ్మా,” అంది స్పందన. “కని నా మనసుల ఉన్నది ముందుగాల్ల ప్రవీణ్‌కే చెప్పాలె. నేనే చెప్త.”

“చెప్పు. మేము వచ్చిపోయింది గూడ నువ్వే చెప్పు తల్లి, మాకు భయమైతుంది,” అన్నాడు భీంరావు. ఇప్పుడు కుర్చీలో కూర్చొని, చెంబెడు నీళ్లు తాగాడు.

వచ్చినవాళ్లకు అన్నం పెట్టాలని భాగ్య లేవబోయింది. బక్కమ్మ ఆమె భుజం పట్టి కిందికి నొక్కింది.

“నువ్వు లేస్తె నేను మూట మల్ల ఇప్పుత.”

అత్తా కోడలూ వంటింట్లోకి వెళ్లారు. కారం డబ్బా ఎక్కడ, ఉప్పు ఎక్కడ అని బక్కమ్మ అడగడం, స్పందన చెప్పడం వినబడుతోంది. ముందుగా ప్రభుదాస్‌కు కంచం తెచ్చి పీట మీద పెట్టారు. అన్నం, పప్పు.

అతను కలుపుకున్నాడు. మూడు వేళ్లతో ముద్ద ఎత్తితే సగం లుంగీ మీద పడింది. భాగ్య చెయ్యి తనంత తానే కంచం మీదికి పోయింది. ప్రభుదాస్ మోచేత్తో దాన్ని పక్కకు జరిపాడు. మిగిలిన సగం నోట్లో పెట్టుకున్నాడు.

భాగ్య చేతులు ఒళ్లో పెట్టుకుంది. ఏం చేయాలో ఆ చేతులకు తెలియలేదు.

“లేవకు,” అన్నాడు ప్రభుదాస్. ఆ మాట ఒక్కటే ముక్కలు కాకుండా వచ్చింది.

అతను నిదానంగా నమిలి, మింగి, ఇంకో ముద్ద కలిపాడు. భాగ్య మంచం కోడుకు వీపు ఆనించి చూస్తూ కూర్చుంది. తినిపించే పని లేకపోయినా లేవలేదు.