వాన పడ్డ వారం పాటలు పోతాయి

“మళ్ళా పోయినయ్ అన్నా,” అంటూ భవాని ఫోన్ తెచ్చి కౌంటర్ మీద పెట్టింది.

వీరబాబు చేతిలోని స్క్రూడ్రైవర్ పక్కన పెట్టాడు. “అన్నీనా?”

“అన్నీ. ఒక్కటి మిగల్లే.”

అతను ఫోన్ తెరిచాడు. పాటల యాప్‌లో పేర్లన్నీ ఉన్నాయి. డౌన్‌లోడ్ అయినట్టు చూపే గుర్తు దేని పక్కనా లేదు. ఏది నొక్కినా ఇంటర్నెట్‌కు కనెక్ట్ కమ్మంటోంది.

“పోయిన ఆదివారం నా కండ్ల ముందట మోగినయ్ గదా మేడం.”

“నీ కండ్ల ముందట మోగుతయ్ అన్నా. నా కండ్ల ముందట మోగవు. గదే బాధ.”

చర్ల బస్టాండ్ ఎదురుగా వీరబాబుకు ఫోన్ల రిపేరు దుకాణం ఉంది. భవాని రాళ్ళగుంపు బడిలో ఆటల టీచర్. అడవి లోపల ఒక ట్రస్టు నడిపే బడి అది. పిల్లలూ టీచర్లూ అక్కడే ఉంటారు. అక్కడ సిగ్నల్ లేదు. అందుకని ఆమె ఆదివారం చర్ల వచ్చి, వీరబాబు దుకాణంలో వైఫై పెట్టుకుని, పిల్లలకు కావలసిన పాటలు దించుకుని వెళ్తుంది. పొద్దున డ్రిల్లు ఆ పాటల మీదే నడవాలి. పాట లేకపోతే విజిల్ ఊదాలి. విజిల్‌కు పిల్లలు వరసలో నిలబడతారు. పాటకైతే పరుగెత్తుకొస్తారు. ఆ తేడా కోసమే ఆమె వాగు దాటి వచ్చేది.

మొదట్లో మెమరీ నిండిందని వీరబాబు ఫోటోలను కార్డులోకి మార్చాడు. తర్వాత బ్యాటరీ సేవర్ ఆపేశాడు. ఇంకోసారి, ఫోన్‌ను శుభ్రం చేస్తానని చెప్పుకునే యాప్ ఒకటి కనబడితే దొంగ దొరికాడనుకుని తీసేశాడు. ఆ వారం పాటలు నిలిచాయి. వీరబాబు కాలర్ ఎగరేశాడు. ఇదిగో, ఇప్పుడు మళ్ళీ పోయాయి.

“ఒకటి చెప్పాల్నా?” అంది భవాని. “వాన పడ్డ వారమే పోతున్నయ్. ఎండ కాస్తే ఉంటున్నయ్.”

“తేమ,” అన్నాడు వీరబాబు వెంటనే.

“తేమ తగిలితే పాటలే పోతయా? ఫోటోలు, నంబర్లు పోవా?”

తెలియదని ఒక ఆడపిల్ల ముందు ఒప్పుకునే వయసు కాదు అతనిది. “రాత్రిపూట బియ్యంల పెట్టున్రి మేడం. తేమ గుంజుతది,” అన్నాడు.

పై ఆదివారం ఆమె నవ్వు ఆపుకుంటూ వచ్చింది.

“నీ మాట విని బియ్యంల పెట్టిన. పొద్దుగాల మా వంట చిన్నక్క చూసుకోక బియ్యంతోటే పొయ్యి మీది గంజుల పోసింది. ఇంకొంచెం అయితే పిల్లలు నా ఫోన్ తిని బడికి వచ్చేటోళ్ళు.”

“పాటలు?”

“ఏడున్నయ్? వానలు గదా.”

ఇద్దరూ నవ్వారు. పాటలు దిగుతున్నంత సేపు ఆమె పిల్లల సంగతులు చెప్పింది. అంతకుముందు మాట మాటకూ “అన్నా” అన్న మనిషి ఆ రోజు ఒక్కసారి కూడా అనలేదు. వీరబాబు అది గమనించాడు. ఆమె వెళ్ళాక కూడా అదే గమనిస్తూ కూర్చున్నాడు.

పక్క దుకాణంలో అహ్మద్ పాషా బట్టలు కుడతాడు. ఇద్దరికీ నడుమ రేకు గోడ. ఇటు మాట అటు, అటు మాట ఇటు వినబడుతుంది.

ఆ తర్వాతి ఆదివారం వాన పడుతుండగా పాషా గోడవతల నుంచి అడిగాడు. “అరే వీరబాబూ, నీ పాటల పిల్ల ఇంకా రాలేదేంది?”

“వస్తది చాచా. వారమంత వానే గదా.”

“వాన ఒట్టి పేరు. ఆ పాటలు నువ్వు బాగుచేస్తే గదా! బాగైతే పిల్ల ఇటెందుకొస్తది? నాకు తెల్వదా నీ హుషారు?”

వీరబాబు కాదనలేదు. నవ్వాడు. ఆ నవ్వు మీదే భవాని గొడుగు మూస్తూ లోపలికి అడుగు పెట్టింది.

“గిదా సంగతి,” అంది.

“మేడం, చాచా ఊకనే మజాక్ చేసిండు.”

“నవ్వింది చాచా కాదు, నువ్వు.” ఆమె గొంతు పెంచలేదు. “నాకు దొరికేది ఒక్క ఆదివారం. తడుసుకుంట వస్త. అక్కడ పిల్లలు స్పీకర్ చుట్టూ కూసోని అడుగుతరు, టీచర్ ఇయ్యాల కూడా లేదా అని. నీకేమో ఆట.”

“నేను చెడగొట్టలే.”

“మరి ఎందుకు పోతున్నయో చెప్పు.”

బస్సు కోసం చూరు కింద నిలబడ్డవాళ్ళు ఇటు తిరిగి చూస్తున్నారు.

“దొంగ రిపేరు. భద్రాచలంల చేపించుకుంట. ఇగ ఇటు రాను,” అని ఆమె ఫోన్ తీసుకుని వెళ్ళిపోయింది. భద్రాచలం బస్సు ఎక్కడం కూడా అతనికి కనబడింది.

కాసేపటికి గోడవతల కుట్టుమిషన్ ఆగింది. “బేటా, నా నోటికి తాళం లేదు. మాఫ్ చెయ్,” అన్నాడు పాషా.

వీరబాబు ఆలోచనలో పడ్డాడు. పాటలు చెడగొట్టలేదన్నది నిజం. నవ్వింది కూడా నిజం. దొంగ అనిపించుకుని ఊరుకుంటే ఆమెకు అతనెప్పటికీ దొంగే. కారణం పట్టుకోవాలి. అది దుకాణంలో కూర్చుంటే దొరికేది కాదని అతనికి అప్పటికి అర్థమైంది. ఫోన్ ఇక్కడ ఎప్పుడూ బాగానే ఉంది. ఏం జరిగినా రాళ్ళగుంపులోనే జరుగుతోంది.

వాన తెరిపిచ్చిన బుధవారం పొద్దున్నే అతను షట్టర్ దించాడు.

“ఎటు పోతున్నవ్ రా?” అన్నాడు పాషా.

“రిపేరుకు.”

“సామాన్ ఏది మరి?”

“చూసేటిదే చాచా. విప్పేటిది లేదు.”

వాగులో నీళ్ళు మోకాలు దాటి ఉన్నాయి. బండిని ఇవతల గట్టున పెట్టి, చెప్పులు చేత పట్టుకుని దాటాడు. బడి కంటే ముందు పాట వినబడింది. భద్రాచలంలో దించుకున్నవి ఇంకా మోగుతున్నాయన్నమాట. కంచె దగ్గరికి వచ్చి ఆగాడు. గ్రౌండులో పిల్లలు పాటకు తగ్గట్టు చేతులు పైకీ పక్కలకూ ఊపుతున్నారు. భవాని ముందు నిలబడి చేయిస్తోంది.

పాట అయిపోయింది. ఆమె ఫోటో తీసింది. ఆ తర్వాత ఫోన్‌లో ఏదో నొక్కి తల ఎత్తింది.

“ఇగ మంగళవారం. ఆడపిల్లలు ఎర్ర రిబ్బన్లు తీసి తెల్లయి పెట్టుకోన్రి. వెనక వరస ముందుకు రావాలె.”

పిల్లలకు ఇది అలవాటులాగే ఉంది. చకచకా మారిపోయారు. ఒక పాప మాత్రం వరసలోంచి బయటికి వచ్చి చేతులు కట్టుకుంది.

“ఏమైందే?”

“నేను నిలబడ టీచర్. మంగళవారం నాకు జరం.”

“జరం నిన్న గదనే. ఇయ్యాల మంచిగనే ఉన్నవ్.”

“మరి ఇప్పుడు నిన్ననే గదా టీచర్?”

భవాని పాపను పక్కన కూర్చోబెట్టి ఫోటో తీసింది. మళ్ళీ ఫోన్‌లో ఏదో మార్చి, పిల్లలను ఆడించడానికి పాట నొక్కింది. స్పీకర్ పలకలేదు. ఇంకో పాట నొక్కింది. అదీ అంతే.

పిల్లలంతా ఒక్కసారి “ఓ” అన్నారు. ఆమె తల తిప్పితే కంచె దగ్గర వీరబాబు కనబడ్డాడు, ప్యాంటు మోకాళ్ళ దాకా మడిచి, చేతిలో చెప్పులతో.

“ఎందుకొచ్చినవ్?”

“పాట ఎట్ల పోతున్నదో చూద్దామని.”

“చూసినవా మరి?”

“చూసిన. ఫోన్ల డేటు మార్చిన్రు గదా మేడం?”

ఆమె ముఖం తిప్పుకుంది. పిల్లలను తరగతులకు పంపించి వచ్చి, వరండా మెట్టు మీద కూర్చుంది.

“ఎవ్వరికీ చెప్పొద్దు,” అని మొదలుపెట్టింది. ఖమ్మంలోని ట్రస్టు ఆఫీసుకు డ్రిల్లు ఫోటో ప్రతి రోజుదీ కావాలి. ఫోటో మీద తేదీ పడాలి. వాన పడ్డ రోజు గ్రౌండు బురద. ఆ రోజు పిల్లలను వరండాలోనే ఆడిస్తుంది. కానీ వరండా ఫోటో పంపితే ఇది డ్రిల్లు కాదని ఫోన్ చేసి మందలించారు. అప్పటి నుంచి ఎండ వచ్చిన రోజున ఫోన్ తేదీ వెనక్కి తిప్పి, వాన రోజుల ఫోటోలు కూడా తీస్తోంది. ఆదివారం సిగ్నల్ దగ్గరికి వచ్చినప్పుడు అన్నీ కలిపి పంపిస్తుంది.

“దానికీ పాటలకూ ఏం సంబంధం?” అంది చివర్న.

“యాప్‌ల పాటలు మనకు కిరాయికి ఇచ్చినట్టు మేడం. దించుకున్నా సరే, గడువు ఉంటది. గడువు అయిపోతే కొంతమంది డేటు వెనక్కి తిప్పి ఫ్రీగ వింటరు. అందుకే డేటు వెనక్కి పోయిందంటే యాప్ అనుమానపడి పాటలకు తాళం వేస్తది. మల్ల డేటు సరిచేసినా తాళం తియ్యదు. నెట్టు దొరికేదాకా అంతే.”

భవాని చేతిలోని ఫోన్‌ను మెట్టు మీద పెట్టేసింది.

“పదిమందిల నిన్ను దొంగ అన్న,” అంది. “దొంగను నేనా?”

“యాప్ అయితే గట్లనే అనుకున్నది.”

ఆమె కోపంగా చూడబోయి నవ్వేసింది.

వీరబాబు జేబులోంచి ఇంకో ఫోన్ తీశాడు. “ఇది నా పాతది. ఫోటోలకు దీన్ని వాడుకోన్రి. దీంట్ల డేటు ఎంత తిప్పినా ఏం కాదు.”

“వద్దు. అబద్ధానికి ఇంకో ఫోన్ ఎందుకు?” అంది భవాని. “ఆ పాప అడిగినప్పుడే సిగ్గయింది నాకు. ఇగ వాన పడితే వరండా ఫోటోనే పంపుత. తిడితే తిట్టనీ.”

“మరి పాటలు ఇగ పోవు.”

“పోవు.”

అక్కడితో అతను వచ్చిన పని అయిపోయింది. దొంగ కాదని తేలింది. అయినా అతను కదల్లేదు.

“ఇంకొకటుంది,” అన్నాడు. “నేను చెడగొట్టలేదన్నది నిజం. కానీ బాగుకావద్దని మాత్రం అనుకున్న. ఆదివారం వాన పడుతుంటే సంబరమయ్యేది. పాషా చాచా గదే అన్నడు, అందుకే నవ్వొచ్చింది. ఇప్పుడు బాగైనయ్. నువ్వు రావు. గది చెప్పాల్నని.”

మేడం పోయి నువ్వు వచ్చిన సంగతి ఇద్దరికీ తెలిసింది. ఎవరూ ఎత్తలేదు.

అడవి మీద మబ్బు కమ్మింది. చినుకులు రేకుల మీద మొదలయ్యాయి.

“వాగు పెరుగుతది. జల్దీ పో,” అంది భవాని.

“ఏమంటవ్ మరి?”

“ముందు వాగు దాటు.”

అతను దాటాడు. ఆ మాటలో అవునుందో కాదుందో దారి పొడుగునా వెతుక్కున్నాడు.

పై ఆదివారం ఆమె రాలేదు. ఆ పై ఆదివారమూ రాలేదు. వానలు పడుతూనే ఉన్నాయి. అయినా పాటలు నిలుస్తున్నాయన్నమాట. వీరబాబు తన జన్మలో చేసిన రిపేర్లలో అంత గట్టిగా నిలిచింది ఇంకోటి లేదు.

“ఇంకెవ్వరి ఫోను గంత మంచిగ బాగుచెయ్యకు రా,” అన్నాడు పాషా గోడవతల నుంచి. వీరబాబుకు ఈసారి నవ్వు రాలేదు.

తర్వాత ఒక ఆదివారం తలకు తువ్వాలు చుట్టుకున్న పెద్దాయన వచ్చి ఫోన్ కౌంటర్ మీద పెట్టాడు.

“చూడు.”

“ఏమైంది పెద్దాయనా?”

“నువ్వే చెప్పాలె.”

వీరబాబు ఫోన్ చేసి చూశాడు. మైకు పలికింది. స్పీకర్ పలికింది. చార్జింగ్ ఎక్కింది. వెనక మూత తీసి బ్యాటరీ చూసి, మళ్ళీ మూసి ముందుకు జరిపాడు.

“ఏం కాలే. తీస్కపోన్రి.”

“మంచిగ చూడు. ఏదో ఒకటి ఉంటది.”

“చూసిన. ఏం లేదు.”

“డిస్‌ప్లే గానీ, బ్యాటరీ గానీ?”

“లేని రోగం నేను ఎక్కడ్నుంచి తేవాలె పెద్దాయనా? మంచి ఫోను అది. ఊకె విప్పిస్తే చెడిపోతది.”

పెద్దాయన ఫోన్ జేబులో పెట్టుకున్నాడు. “నాలుగు దుకాణాలల్ల చూపించిన దీన్ని. ఒకడు బ్యాటరీ పోయింది అన్నడు. ఒకడు లోపల నీళ్ళు పోయినయ్ అన్నడు. దీనికి ఏం కాలేదని నాకు తెలుసు. ఫోన్ల దుకాణపోళ్ళందరు దొంగలని మా ఇంట్ల నేను చెప్తనే ఉన్న. ఒక్కడు కాదని మా బిడ్డ వాదన.”

“ఎవరు మీ బిడ్డ?”

పెద్దాయన పాషా దుకాణం వైపు తిరిగి పిలిచాడు. అక్కడ గుడ్డలు చూస్తున్నట్టు నిలబడ్డ భవాని ఇవతలికి వచ్చింది.

ఆయన పేరు జంపయ్య. అశ్వారావుపేటలో పామాయిల్ గెలలు కోస్తాడు. ఈ సంగతులు వీరబాబుకు తర్వాత తెలిశాయి. అప్పటికి మాత్రం లేచి నిలబడి, ఉన్న ఒక్క కుర్చీని తుడిచి ఆయన ముందు వేశాడు.

జంపయ్య కూర్చున్నాడు. “నీ మాటే నిజం బిడ్డా. కానీ పిలగానికి బేరం చేతగాదు. రేపు ఈ దుకాణం నువ్వే చూసుకోవాల్సి వస్తది.”

గోడవతల కుట్టుమిషన్ ఆగింది. “కొలతల టేపు పట్టుకొని రావాల్నా వీరబాబూ?”

వీరబాబు భవాని వైపు చూశాడు. వేరే మాట దొరకక, అలవాటైనదే అడిగాడు.

“మల్ల పోయినయా?”

“ఒక్కటి కూడా పోలే,” అంది భవాని. “ఉత్తగనే వచ్చిన.”