థర్మాకోల్ అమ్మవారు

కార్తీక అమావాస్య... అసురసంధ్య వేళ!

పడమట సూర్యబింబం నెత్తుటి ముద్దలా కుంగిపోతోంది. తూర్పున సముద్రం మీంచి కారుమేఘాలు కమ్ముకొస్తున్నాయి. ఫెళఫెళమంటూ ఉరుము! వాకాడుకు అవతల, చెరువుకూ సముద్రానికీ నడుమ పరుచుకున్న ఆ చిట్టడవిలో సరుగుడు చెట్లు హోరుమని ఊగుతున్నాయి. ఆ హోరులోంచి ఒక గుడ్లగూబ కూసింది... గుండె ఝల్లుమనేలా!

శివశంకర్ కడుపు భగ్గుమంది. భయంతో కాదండోయ్, అసూయతో!

చేపలు పట్టే ఆ అరుదైన గుడ్లగూబ కోసమే అతడు తొమ్మిదేళ్లు కాపు కాశాడు. నాయుడుపేటలో ఫొటో స్టూడియో, పెళ్లిళ్లు, ఓణీల ఫంక్షన్లు. ఆదివారం వచ్చిందంటే మాత్రం భుజాన కెమెరా, ఈ అడవి. "ఆ అడివినే కట్టుకోకపోయినావా" అని పెళ్లాం రోజారమణి ఎన్నిసార్లు దెప్పిందో! అయినా ఆ పాడు పిట్ట ఒక్కనాడూ అతడి కెమెరాకు చిక్కలేదు. అతడి దగ్గరే పని నేర్చుకున్న పెంచలప్రసాద్, అతడిచ్చిన పాత లెన్సుతోనే, కాళ్ల మధ్య చేపను బిగించి ఎగురుతున్న ఆ గుడ్లగూబను ఒక్క పూటలో తీసి పారేశాడు! బొమ్మ పేపర్లకెక్కింది. బహుమతీ వచ్చింది. దయ్యాల సినిమా కోసం అడవి వెతుక్కుంటూ వచ్చిన డైరెక్టరు అది చూసి ముచ్చటపడి వాణ్ణే కెమెరామన్‌గా పెట్టుకున్నాడు. మరి గురువుకు దక్కిందేమిటయ్యా అంటే... యూనిట్‌కు అడవిలో దారి చూపించే పని!

"నేర్పినోడు దారి చూపాల, నేర్చుకున్నోడు సినిమా తీయాల! ఇదేం న్యాయం?" తిండి సయించలేదు, నిద్ర పట్టలేదు. కుళ్లి కుళ్లి చివరికి సంజీవరావు కాళ్ల మీద పడ్డాడు.

పేరుకే సంజీవరావు, చేసేవన్నీ ప్రాణాలు తోడే పనులు. సినిమాలో క్షుద్రపూజ అచ్చంగా ఉండాలని చిట్టమూరు నుంచి పిలిపించిన మాంత్రికుడతడు. పగలంతా యూనిట్‌కు ఉత్తుత్తి ముగ్గులు వేసి చూపించాడు. ఇప్పుడు, అందరూ ప్యాకప్ చెప్పి సముద్రపు ఒడ్డుకు పోయాక, అతడు వేస్తున్న ముగ్గు ఉత్తుత్తిది కాదు...!

ఎదురుగా పదడుగుల కాళికా విగ్రహం. కరాళ దంష్ట్రలు, అరుణారుణ నేత్రాలు, కంఠాన కపాలమాల... అంతా థర్మాకోలే, పైన రంగులే! పాదాల ముందు మాత్రం నిజమైన పుర్రె!

"సామీ, అమ్మవారి ఎదట ఇట్టాంటి పని..." శివశంకర్ నసిగాడు.

సంజీవరావు వికటంగా నవ్వాడు. "గుళ్లో నా విద్య పారదు. శ్మశానంలో చేస్తే ఊరోళ్లు చెట్టుకు కట్టేసి కొడతారు. ఈడైతే పుర్రె పెట్టినా, నెత్తురు చల్లినా షూటింగే అనుకుంటారు. అమ్మవారంట, అమ్మవారు! థర్మాకోల్‌రా పిచ్చోడా! చెప్పు, నీకేం కావాల?"

"వాడి కళ్లు!" శివశంకర్ పళ్లు కొరికాడు. "ఆ కళ్లు నాకు కావాల!"

పుర్రె ముందు పెంచలప్రసాద్ ఫొటో. శివశంకర్ చేతిలో రెండు తుమ్మముళ్లు. "హ్రీం... క్రీం... ఛేదయ! ఛేదయ!" మంత్రోచ్చారణ మిన్ను ముట్టింది. కపాల నేత్రకుహరాల్లో నీలాగ్ని రగిలింది! శివశంకర్ కళ్లు మూసుకుని ఫొటోలోని ఎడమకంట్లో ముల్లు దించాడు.

"అమ్మా...! నా కన్నూ...!"

చెరువు గట్టు నుంచి కేక! యూనిట్‌తో పోకుండా, గూళ్లకు చేరే గూడబాతులను ఫొటో తీయడానికి పోయిన పెంచలప్రసాద్ గొంతే అది. శివశంకర్ కళ్లు తెరిచాడు. పాపం, కుర్రాడు... అనిపించింది కూడా. కానీ ఈర్ష్య ఊరుకుంటుందా? 'కెమెరాలో చూసేది కుడికంటితో గదా! ఎడమది పోతే వాడికొచ్చిన నష్టమేంది? ఇదీ పోవాల!' రెండో ముల్లు ఎత్తాడు.

గణగణమని గంట మోగింది!

ఒక చేతిలో గంట, మరో చేతిలో దీపంతో, సముద్రపు ఒడ్డున జాలర్లుండే పట్టపుపాళెం నుంచి వచ్చిన మాలకొండమ్మ. ఆ విగ్రహం లేచిన మర్నాడు పాళెం వలలు చేపలతో చిరిగేంత బరువెక్కాయట. అంతే! అది మొదలు ఆడవాళ్లు పొద్దుగూకగానే వచ్చి పసుపు కుంకుమ పెట్టి, దీపం వెలిగించి, బిడ్డల పేర్లు చెప్పుకుని మొక్కిపోతున్నారు. సినిమా బొమ్మకు మొక్కులేందని యూనిట్ అంతా నవ్వింది. శివశంకరూ నవ్వినవాడే! ఈ ఉరుములకు ఇవాళ ఎవరూ రారనుకున్నాడు.

మాలకొండమ్మ చూపు పుర్రె మీద పడింది. దీపం చేజారింది. జుట్టుముడి విడిపోయింది. డెబ్బయ్యేళ్ల ఒళ్లు తాటిచెట్టులా నిటారుగా లేచింది!

"ఒరేయ్...! నా కాళ్లకాడ పుర్రె పెడతావంట్రా...!"

అడవి కంపించింది! సంజీవరావు దిగ్బంధన మంత్రం చదువుతూ బూడిద విసిరాడు. ఆ బూడిద వెనుదిరిగి అతడి మొహానే కొట్టింది. నింగిని చీల్చుకుని మెరుపు... ఆ వెలుగులో విగ్రహపు రంగు కళ్లు కదిలాయి! పుర్రెలోని నీలాగ్ని భుగభుగమని ఎగసి సంజీవరావును చుట్టేసింది.

"థర్మాకోలే... ఇది థర్మాకోలే...!" కాలిపోతూ అరిచాడు మాంత్రికుడు. ఆ అరుపు ఆగేసరికి ముగ్గులో మిగిలింది గుప్పెడు బూడిద. పక్కనే ఉన్న అమ్మవారి కాలివేలు కూడా కమరలేదు.

మాలకొండమ్మ శివశంకర్ వైపు తిరిగింది. "కళ్లు అడిగినావు గదరా? తీసుకో!" అంటూ రెండు బొటనవేళ్లూ అతడి రెప్పల మీద అదిమింది.

కటిక చీకటి... ఆపైన చూపు! ఎవరిదో చూపు! సరుగుళ్ల మధ్య పరుగెత్తుతోంది. సగం చీకటి, సగం వెలుగు. మంట పక్కన మోకాళ్ల మీద ఒక మనిషి. ఎవరు? తనే! బట్టతల, చెమట, వణుకు... అయినా ఆ చూపులో తనెంత గొప్పవాడు! కెమెరా చేతికిచ్చి, అన్నం పెట్టి, వెలుతురంటే ఏమిటో చెప్పిన అన్న! ఆ చూపులో ఇసుమంత కుళ్లు లేదు. అన్నకు ఏమైందోనన్న భయం తప్ప మరేమీ లేదు. శివశంకర్ తట్టుకోలేక బావురుమన్నాడు.

వేళ్లు తొలగాయి. మాలకొండమ్మ సొమ్మసిల్లి ఒరిగిపోయింది. ఎదుట రొప్పుతూ పెంచలప్రసాద్... ఎడమకన్ను మూసుకుపోయి, చెంప మీద నెత్తురు.

"అన్నా! మంట చూసి లగెత్తుకొచ్చినా. నీకేం గాలేదు గదా?" అతడి భుజం పట్టుకున్నాడు. "నా కంట్లో ఏందో గుచ్చుకున్నట్టయింది. పోనీలే, కుడిది బాగనే ఉండాది. నువ్వు లే అన్నా."

శివశంకర్ లేవలేదు. పక్కన పడివున్న ఫొటో తీసి చేతికిచ్చాడు. ఎడమకంట్లో ముల్లు ఇంకా అలాగే ఉంది.

"గుచ్చింది నేనేరా. నువ్వు పైకి పోతా ఉంటే ఓర్వలేక, నేనే..."

భుజం మీది చెయ్యి మెల్లగా జారిపోయింది. పెంచలప్రసాద్ మాలకొండమ్మను లేపి, నీళ్లు తాగించి, ఆమె చెయ్యి పట్టుకుని పాళెం దారి పట్టాడు. శివశంకర్ వాణ్ణి పేరు పెట్టి పిలిచాడు, ఏడ్చాడు, క్షమించరా అని మొత్తుకున్నాడు. మిగిలిన ఆ ఒక్క కంటితో కూడా వాడు వెనక్కి తిరిగి చూడలేదు.