బ్రాసినోలైడ్ అంటే ఇత్తడి

ఆదోని పత్తి యార్డులో వేలం ఇంకా మొదలుకాలేదు. కొత్త పత్తి కుప్పల మధ్య నుంచి తూలుకుంటూ వచ్చిన సుంకప్ప, మోయిన్ చేయి పట్టుకున్నాడు. ఆ వేళ్లు చల్లగా ఉన్నాయి. ముఖమంతా చెమట.

"టీ తాపినారన్నా," అన్నాడు. "డ్రమ్ములు సూసినానని కనిపెట్టినారు."

"కూర్చో. ఆంబులెన్స్‌కు ఫోన్ చేస్తాను."

"ముందు ఇనన్నా. వాళ్ల ఆఫీసుకు పోతే, బ్రాసినోలైడ్ అంటే అర్థమేమని అడుగుతారు. అర్థం సెప్పొద్దు. బ్రాసినోలైడ్ కొడితే పూత నిలుస్తాది, అనాల. అప్పుడే లోపలికి ఇడుస్తారు. ప్రయోగం శుక్రవారం."

ఇంకేదో చెప్పబోయాడు. పత్తి కుప్ప మీదికి వాలిపోయాడు. హమాలీలు పరిగెత్తుకొచ్చారు. ఎవరో నీళ్లు చల్లారు. సుంకప్ప కళ్లు మాత్రం తెరవలేదు.

యార్డులో అందరికీ మోయిన్ కోయంబత్తూరు మిల్లు తరఫున పత్తి కొనడానికి వచ్చిన బయ్యర్. అసలు ఉద్యోగం కేంద్ర గూఢచార విభాగంలో. పుట్టింది ఈ ఊళ్లోనే కాబట్టి ఈ పని అతనికి అప్పగించారు. సుంకప్ప ఎమ్మిగనూరులో 'హరితగగన్ ఆగ్రో' అనే కంపెనీ గోడౌన్‌లో లోడింగ్ కూలీ, మోయిన్‌కు అక్కడి కబుర్లు మోసే మనిషి. డాక్టరు వచ్చి గుండెపోటు అన్నాడు. శవం దగ్గర నిలబడి ఏడ్చే హక్కు మిల్లు బయ్యర్‌కు లేదు. మోయిన్ గుంపులోంచి మెల్లగా బయటపడ్డాడు.

కారులో కూర్చుని అద్దాలు ఎత్తి, హైదరాబాదులోని తన చీఫ్‌కు సెక్యూర్ లైన్ కలిపాడు. విభాగంలో ఆయన్ను అందరూ పెద్దాయన అంటారు.

"బ్రాసినోలైడ్. ఆ పేరు తెలుసా?" అని అడిగాడు పెద్దాయన, అంతా విన్నాక.

"ఇక్కడి పురుగుమందుల కొట్లలో దొరుకుతుంది సార్. పూత రాలకుండా కొడతారు."

"అంతేనా?"

"అంతే."

"విను. ఆవాల జాతి మొక్కను సైన్సులో బ్రాసికా అంటారు. ఆ పూల పుప్పొడిలో మొదటిసారి దొరికింది కాబట్టి ఆ పేరు. అదొక స్టెరాయిడ్."

"స్టెరాయిడా? జిమ్ముల్లో పొడుచుకునేదా?"

"మొక్కలకూ వాటి స్టెరాయిడ్లు వాటికి ఉంటాయోయ్. రవ్వంత చాలు, మొక్క ఎదుగుతుంది, ఎండకు తట్టుకుంటుంది. ఏ రైతైనా కొనుక్కునే మామూలు మందు. మామూలు మందు పేరుతో కోడ్ ఎందుకు? అదీ నా అనుమానం."

పెద్దాయన గొంతు తగ్గించాడు.

"కంపెనీ వెనకున్నవాడి పేరు మార్టెల్. అసలు పేరు ఎవరికీ తెలియదు. తెలుగు నేర్చుకుని మరీ వచ్చాడు. ఇంతకుముందు రెండు దేశాల్లో వాడు తిరిగిన చోటల్లా పత్తి కాయ చెట్టు మీదే కుళ్లిపోయింది. ఆ మరుసటేడు వాడి యజమానుల విత్తనం తప్ప రైతుకు దిక్కులేకపోయింది. శుక్రవారం పెద్దకడుబూరులో ఉచితంగా డ్రోన్లతో బ్రాసినోలైడ్ పిచికారీ చేస్తారట. లేబుల్‌కు లైసెన్సు ఉంది. లోపలున్నది వేరే సరుకని రుజువు కావాలి. అప్పటిదాకా ముట్టుకోలేం."

"వాళ్ల దగ్గర మనవాళ్లు ఇంకెవరైనా ఉన్నారా?"

పెద్దాయన అయిష్టంగానే చెప్పాడు.

"డాక్టర్ దీప. ఈ మందు మీదే పీహెచ్‌డీ చేసింది. సైంటిస్టుగా వాళ్లలో చేరమని నేనే పంపాను. కొన్నాళ్లుగా కబురు లేదు. వాళ్లతో కలిసిపోయిందని అనుకుంటున్నాం. కనిపిస్తే నమ్మకు."

కారు డ్యాష్‌బోర్డు కింద అరలో మోయిన్ సామాను ఉంది. ఒక పెన్ను: మందులో ముంచితే, అసలు బ్రాసినోలైడ్‌కు మొన ఆకుపచ్చగా మారుతుంది, ఇంకేదైనా అయితే ఎర్రబడుతుంది. ఒక పవర్ బ్యాంక్: బటన్ నొక్కిపెడితే దగ్గర్లోని డ్రోన్ల సిగ్నల్ చచ్చిపోతుంది.

మరునాడు ఎమ్మిగనూరులో బస్సు దిగిన మనిషి హొళగుంద ఎరువుల డీలర్ గఫూర్ సాబ్. గోరింటాకు పెట్టిన గడ్డం, ముందుకు పొడుచుకొచ్చిన పొట్ట, చంకలో గొడుగు. పొట్ట దూదిది, గడ్డం జిగురుది, లోపలి మనిషి మోయిన్. అసలు గఫూర్ సాబ్‌ను విభాగం వాళ్లు హైదరాబాదులో చుట్టం ఇంటికి పంపించేశారు.

కంపెనీ ఆఫీసు చేనేత చీరల షోరూం మేడ మీద. మందు గురించి క్లాసు చెబుతామని పిలిచిన డీలర్లను ఒక్కొక్కరినే మెట్లు ఎక్కనిస్తున్నారు. పైన తలుపు దగ్గర తెల్లటి పొడుగాటి మనిషి చేతులు జోడించాడు.

"దయచేయండి. ప్రయాణము సుఖముగా జరిగినదా?"

తెలుగు అచ్చు పుస్తకంలోది. ఒక్క అక్షరం అటూ ఇటూ కాలేదు.

"జరిగింది సాబ్. కూర్చునేకి సీటు దొరకలే, అంతే."

"బ్రాసినోలైడ్ అనగా అర్థమేమి?"

"బ్రాసినోలైడ్ కొడితే పూత నిలుస్తాది."

మార్టెల్ కనురెప్ప ఒకసారి వాలి లేచింది. అతని వెనక ఫోన్ చూసుకుంటున్న ఒకావిడ తలెత్తి గఫూర్ సాబ్‌ను పరిశీలనగా చూసింది. తర్వాత ఏమీ జరగనట్టే మళ్లీ ఫోన్‌లోకి తల దించుకుంది.

"లోనికి రండి," అన్నాడు మార్టెల్.

లోపలికి వెళ్లాడే గానీ, ఏదో తేడా కొట్టిందని మోయిన్‌కు అనిపించింది. తలుపు మామూలుగానే మూసుకుంది. టీ ఇచ్చారు. సుంకప్ప గుర్తొచ్చి, తాగినట్టు నటించి గ్లాసు కుర్చీ కిందికి జరిపాడు.

క్లాసు చెప్పడానికి ఫోన్ ఆవిడే వచ్చింది. నల్లటి నేత చీర, తల మీదికి తోసిన చలువ కళ్లద్దాలు, ఆమెకన్నా ముందు గదిలోకి వచ్చిన సెంటు వాసన. డీలర్లు సీసాల్ని మర్చిపోయి ఆమెనే చూశారు. డాక్టర్ దీప.

"ఈ పేరు ఎలా వచ్చిందో తెలుసా?" అంది. "ఇంగ్లీషులో బ్రాస్ అంటే ఇత్తడి. మందు ఇత్తడి రంగులో ఉంటుంది. అందుకే బ్రాసినోలైడ్."

మోయిన్ ఉలిక్కిపడ్డాడు. పైకి మాత్రం గడ్డం నిమురుకున్నాడు.

"గఫూర్ సాబ్, బ్రాసినోలైడ్ అంటే ఏమిటి?" ఆమె కళ్లు సూటిగా అతని మీదే ఉన్నాయి.

"ఇత్తడి మేడమ్."

"మర్చిపోకండి."

మార్టెల్ గోడకు ఆనుకుని నవ్వుతూ తలాడించాడు. ఆ మాట తప్పని అతనికి తెలిసినట్టు లేదు.

డీలర్లందరికీ తలా ఒక సీసా ఇచ్చారు. బాత్రూంలో గడియ పెట్టుకుని మోయిన్ పెన్ను ముంచాడు. మొన ఆకుపచ్చగా మారింది. అసలు మందే.

"అయితే వదిలెయ్," అన్నాడు పెద్దాయన, మోయిన్ బస్టాండుకు వచ్చి ఫోన్ చేశాక. "సుంకప్పది గుండెపోటని పోస్టుమార్టం రిపోర్టు వచ్చింది. సీసాలో సరుకు సరైనదే. మనకిక్కడ కేసు లేదు."

ఇంత తొందరగా వదిలేయమంటున్నాడేమిటని మోయిన్‌కు ఒక్క క్షణం పెద్దాయన మీదే అనుమానం వచ్చింది. ఈ ఉద్యోగంలో ఉన్న పాడు గుణమే అది. అన్నం పెట్టిన చేతిని కూడా వాసన చూడాలనిపిస్తుంది.

"దీప ఆ మందు పేరుకు అర్థం తప్పు చెప్పింది సార్. ఇత్తడంది."

"భయంతో మతి పోయి ఉంటుంది. లేకపోతే డీలర్లను చులకన చేసి ఉంటుంది. ఏదైనా సరే, ఆమెను నమ్మకు."

"రేపొక్కరోజు పెద్దకడుబూరు వెళ్లనివ్వండి."

పెద్దాయన నిట్టూర్చాడు. "పోలీసు జీపు రోడ్డు మీద ఉంటుంది. రుజువు దొరికితే గొడుగు ఎత్తు. దొరక్కపోతే ఇంటికెళ్లు."

శుక్రవారం తెల్లవారాక పెద్దకడుబూరు చేలల్లో పండగ వాతావరణం. రాత్రి వాన పడి నల్లరేగడి జిగటగా ఉంది. పత్తి నిండా పసుపు పూత. చేని గట్టున టార్పాలిన్ పరిచి డ్రోన్లను వరసగా పెట్టారు. పక్కన నీలం డ్రమ్ములు. డీలర్లూ రైతులూ కంపెనీ వాళ్లు పంచిన ఉగ్గాని, బజ్జీ తింటున్నారు.

ఒక్క ముసలమ్మ మాత్రం పొట్లం ముట్టుకోలేదు. చేను ఆమెదే. పేరు ఉచ్చీరమ్మ.

"నువ్వు తినలేదేమ్మా?" అన్నాడు మోయిన్.

"ఊరికే ఎవరేమిస్తారప్పా? తిండికి తిండి పెట్టి, మందుకు మందు కొట్టి పోతారంట. మా కొడుకు ఒప్పుకున్యాడు. నాకైతే మనసొప్పలే."

మార్టెల్ రైతులతో ఫోటోలు దిగుతున్నాడు. మోయిన్ మూత్రానికి పోతున్నట్టు డ్రమ్ముల వెనక్కి నడిచాడు. ఒక మూత తిప్పి పెన్ను ముంచాడు.

మొన ఎర్రబడింది.

సీసాల్లో ఒకటి, డ్రమ్ముల్లో ఇంకొకటి. సుంకప్ప చూసింది ఇదే. మోయిన్ గొడుగు మీద చేయి వేశాడు. వీపుకు చల్లగా ఇనుము తగిలింది.

"గొడుగు కింద పెట్టండి గఫూర్ సాబ్," అంది దీప. "వాన లేదుగా."

పిస్తోలు గురిపెట్టి అతన్ని మోటారు షెడ్డు చాటుకు నడిపించింది. కాసేపటికి మార్టెల్ చేతిలో ట్యాబ్లెట్‌తో వచ్చాడు.

"మీరు వచ్చిననాడే పట్టుకొంటిని," అన్నాడు మర్యాదగా. "నేను నేర్పిన వాక్యము 'బ్రాసినోలైడ్ పిచికారీ చేసినచో పూత నిలుచును.' డీలర్లందరూ దానినే వల్లెవేసి వచ్చిరి. నిలుస్తాది అన్నది ఇద్దరే. సుంకప్పకు ఎన్నిమార్లు దిద్దినను మార్చుకొనలేదు. రెండవవారు మీరు. వాని నోటిమాట మీ నోట ఎట్లు వచ్చెను?"

సుంకప్ప చల్లటి వేళ్లు మోయిన్‌కు గుర్తొచ్చాయి. చావుకు ముందు కూడా ఆ మనిషి తన భాషలోనే చెప్పిపోయాడు.

"మరి నిన్ననే ఎందుకు చంపలేదు?"

"మీ వెనుక ఎందరు వత్తురో చూడవలెనని. ఒక్క జీపు మాత్రమే వచ్చినది." మార్టెల్ ట్యాబ్లెట్ మీద వేలు కదిలించాడు. టార్పాలిన్ మీద డ్రోన్ల రెక్కలు తిరగడం మొదలైంది. "ఈ శిలీంధ్రము గాలికి పోవును. హాలహర్వి దాకా కాయ నిలువదు. దీపా, ఇతని జేబులు చూడుము."

దీప జేబులు వెతికింది. పెన్ను, జేబు రుమాలు, పవర్ బ్యాంక్. పవర్ బ్యాంక్ ఆమె చేతిలో ఉండగా మోయిన్ ఆమె ముఖంలోకి చూశాడు. ఆ కళ్లలో ఏమీ తెలియలేదు.

డ్రోన్ల మోత పెరిగింది. రైతులు చప్పట్లు కొడుతున్నారు.

ఆలోచించడానికి వ్యవధి లేదు. అయినా ఒక్క సంగతి మాత్రం బుర్రలో గిర్రున తిరిగింది. ఈ మందు మీదే పీహెచ్‌డీ చేసిన మనిషి దాని పేరుకు అర్థం తప్పు చెప్పదు. కావాలని చెబితే ఎవరికి చెప్పినట్టు? డీలర్లకు తెలియదు. మార్టెల్‌కు తెలియదు. ఆ గదిలో అది తప్పని పట్టుకోగలిగింది తనొక్కడే. నిలుస్తాది అన్న మాటను మార్టెల్ ఒక్కడే కాదు, ఆమె కూడా పట్టుకుంది; తనెవరో ఆమెకు అప్పుడే తెలిసి ఉంటుంది.

నమ్మకు, అన్నాడు పెద్దాయన. పుట్టిన దగ్గర్నుంచీ మోయిన్ ఎవర్నీ అంత తేలిగ్గా నమ్మినవాడు కాదు.

"మేడమ్," అన్నాడు మెల్లగా. "ఆ పవర్ బ్యాంక్ మీరే ఉంచుకోండి. ఛార్జింగ్ ఎక్కాలంటే బటన్ నొక్కి వదలొద్దు. గట్టిగా పట్టుకోవాల."

దీప పిస్తోలు కదల్లేదు. రెండో చేతి బొటనవేలు బటన్ మీదికి జరిగింది. నొక్కింది.

డ్రోన్లు అప్పుడే నడుమెత్తు లేచి చేని వైపు వంగాయి. మొదటి సాలు మీదికి వచ్చాయి. గొట్టాల మూతులు తెరుచుకోవాల్సిన క్షణంలో మోత తగ్గింది. ఒకదాని వెనక ఒకటి, అలిసిపోయిన గొడ్లలా పత్తి చెట్ల మీద కూలబడ్డాయి.

మార్టెల్ ట్యాబ్లెట్ మీద వేళ్లతో కొట్టాడు. తెర మీద ఏమీ మారలేదు. తలెత్తేసరికి పిస్తోలు తన వైపు తిరిగి ఉంది.

"దీపా, ఇది ఏమి?"

"నేను మొదట్నుంచీ వాళ్ల మనిషినే," అంది దీప.

అతను ట్యాబ్లెట్ ఆమె ముఖానికి విసిరి చేలోకి పరిగెత్తాడు. ఖరీదైన బూట్లకు నల్లరేగడి అంటుకుంది. అడుగు అడుగుకూ కాళ్లు బరువెక్కి, చివరికి ఒక బూటు మట్టిలోనే ఉండిపోయింది. మనిషి బోర్లా పడ్డాడు. మోయిన్ వెళ్లి అతని మీద కూర్చున్నాడు. దూది పొట్ట చివరికి పనికొచ్చింది. అతని కేక విని దీప డ్రమ్ముల దగ్గర పడున్న గొడుగు ఎత్తింది. జీపు హారన్ మోగించుకుంటూ గట్టు ఎక్కింది.

డ్రమ్ములకు సీళ్లు పడ్డాయి. మార్టెల్‌ను ఎక్కిస్తుంటే పోలీసులతో వ్యాకరణబద్ధంగా వాదించాడు గానీ ఎవరికీ అర్థం కాలేదు.

"నా ఫోన్‌లో ఏం చేసినా వాడికి తెలిసిపోయేది. గోడల నిండా మైకులు," అంది దీప, నుదుటి మీద గాయాన్ని చీర కొంగుతో ఒత్తుకుంటూ. "సీసా మంచిదే, డ్రమ్ము కాదు అని చెప్పడానికి నాకు ఇంకో దారి దొరకలేదు. పేరు తప్పు చెబితే సరుకు మీద అనుమానం వస్తుందనుకున్నా."

"సరుకు మీద కాదు, మీ మీద వచ్చింది."

"అదీ అనుకున్నాను." ఆమె కొంగు మడిచి మళ్లీ ఒత్తుకుంది. "సుంకప్పను కాపాడలేకపోయాను. ఆ టీ సంగతి నాకు తర్వాత తెలిసింది."

ఆ ముక్క నిజమో కాదో తేల్చుకోవడానికి మోయిన్‌కు ఇంకా చాలా రోజులు పట్టేలా ఉంది. పెద్దాయనకు ఫోన్ చేసి, పోస్టుమార్టం రాసిన డాక్టరును ఒకసారి పిలిపించమన్నాడు. పెద్దాయన ఈసారి వదిలెయ్ అనలేదు.

జీపు వెళ్లిపోయింది. చప్పట్లు కొట్టినవాళ్లు ఎటువాళ్లు అటు సర్దుకున్నారు. ఉచ్చీరమ్మ ఒక్కతే నడుం మీద చేతులు పెట్టుకుని చేని వైపు చూస్తూ నిలబడింది.

"నువ్వు గవర్నమెంటు మనిషివంట కదప్పా?"

"అవునమ్మా. పెద్ద గండం తప్పింది. మీ జిల్లా పత్తి మొత్తం..."

"అది సరే. నా సేన్ల పడిండే ఈ ఇనుప కొంగలు ఎవరు తీస్తారు? పూతంతా వాటి కింద నలిగిపోతాంది."

దేశాన్ని కాపాడిన గూఢచారి గడ్డం ఊడదీసి జేబులో పెట్టుకుని, ప్యాంటు మడిచి చేలోకి దిగాడు.