ఒట్టికళ్ల నెల

"గడ్డం ఇంకాస్త ముందుకి. నుదురు పట్టీకి ఆనాలి. మధ్యలో పచ్చదీపం కనిపిస్తోంది కదా, దాన్నే చూడండి. రెప్ప వెయ్యకండి."

ఈ నాలుగు మాటలూ విరజ నిద్రలో కూడా చెప్పగలదు. చెబుతుందని వాళ్లాయన ఫిర్యాదు కూడాను. పట్టీ అవతల కూర్చున్న కుర్రాడు ఊపిరి బిగబట్టాడు. విరజ కంటిగొట్టంలోంచి చూసింది. అతని నల్లగుడ్డు మీద వెలుగు వలయాలు ఒకదానిలో ఒకటి గుండ్రంగా నిలిచాయి.

"సిద్ధం," అంది వరుస, గోడలోంచి. వంతులు చూసే కేంద్రం యంత్రపు గొంతుకి ఆ పేరు.

యంత్రం పక్కనున్న చీలికలోంచి పచ్చబిళ్ల జారిపడింది. కుర్రాడు దాన్ని కళ్లకద్దుకుని, గుమ్మం ఎటుందో తెలియక గోడకేసి నడిచాడు. విరజ లేచి అతని భుజం పట్టుకుని తలుపు వైపు తిప్పింది.

భీమిలి కొండ మీద ఈ కొలత కేంద్రానికి వచ్చేవాళ్లందరిదీ ఇదే అవస్థ. బడిలో వేసిన నాటి నుంచీ కంటి మీద చూపుపొర లేకుండా బతికినవాళ్లు కారు. బస్సు నంబరు, అంగడి పేరు, కూర ధర, ఎదుటి మనిషి పంపిన కబురు, అన్నీ పొరలోనే. తెరలూ బోర్డులూ ఊళ్లోంచి తీసేసి ఒక తరం దాటింది. పొర తీసిన మనిషికి ఊరంతా సున్నం వేసిన గోడే. అందుకే పొర తీసి గడపాల్సిన ఒట్టికళ్ల నెలలో ఉన్నవాళ్లకి కేంద్రం సోడాబుడ్డి కళ్లద్దాలూ, చేతికి పసుపు పట్టీ ఇస్తుంది. ఆ పట్టీ కనబడితే పక్కవాళ్లు చదివి పెట్టాలి. ఊరు ఇంకా అంత చెడిపోలేదు కాబట్టి చాలామంది చదివే పెడుతున్నారు.

ఆ నెల తప్పదు. ఉంగరం తీసినా వేలికి గాడి ఉండిపోయినట్టు, పొర తీసినా కన్ను దాని ఆకారంలోనే వంగి ఉంటుంది. కన్ను తన సొంత రూపానికి వచ్చాకే కొలవాలి. కొలిచాకే కాంతిచెక్కు, అంటే కాంతితో కంటిని చెక్కడం. అది అయినవాళ్లకి ఇక పొరతో పనిలేదు, అక్షరాలు నేరుగా కంట్లోనే పడతాయి. వంగిన కన్నుని కొలిచి చెక్కితే మాత్రం ఆ వంకర చచ్చేదాకా వదలదు.

తర్వాత వచ్చినావిడ పేరు పైడితల్లి. ఎండుచేపల షెడ్డులో మేస్త్రీ. యాభై దాటి ఉంటాయి. చేతులు కడుక్కుని, ఉతికిన చీర కట్టుకుని, పెళ్లిచూపులకి వచ్చినట్టు వచ్చింది. ఉప్పుగాలికీ పొరకీ పడక కళ్లలో పుళ్లు పడుతున్నాయని, ఈ ఏడు దాటితే పొర ముట్టుకోకూడదని కంటి డాక్టరు ఆమెకి ముందే చెప్పాడు. అంటే ఈ విడతలో కాంతిచెక్కు కావాల్సిందే. తప్పితే మళ్లీ వంతు రావడానికి నాలుగేళ్లు.

విరజ ఆమె కుడికన్ను చూసింది. పై వలయాలు బాగానే ఉన్నాయి. కిందివి నొక్కుకుపోయి కోడిగుడ్డు ఆకారంలో ఉన్నాయి.

"పొర ఎప్పుడు తీశారమ్మా?"

"మీరు సెప్పిన నాటికే తీసీసినానండి."

"మళ్లీ పెట్టలేదు కదా?"

"నేదండి."

విరజ ఎడమకన్ను కూడా చూసింది. అదీ అంతే.

"సందేహం," అంది వరుస. "కొలతకర్త నిర్ధారించాలి. సిద్ధమా, ఉల్లంఘనా?"

ఆ రెండో మాట పడితే వంతు పోయినట్టేనని కేంద్రానికి వచ్చే ప్రతివాళ్లకీ తెలుసు. పైడితల్లి పట్టీ మీంచి నుదురు తీసి, చీర చెంగు వేలికి చుట్టుకోవడం మొదలుపెట్టింది. విరజ ఏమీ అడగలేదు. అడక్కపోతేనే మనుషులు చెబుతారని ఆమెకి అనుభవం.

"మా ఆయనకి నోరు పడిపోనాదండి. కాలూ సెయ్యీ కూడా. కళ్లే ఆడతాయి. ఆయన కళ్లతో రాస్తే నా పొరలో మాటొస్తాది. ఇన్నేళ్లూ అలగే మాటాడుకున్నాం. పొర తీసినప్పుడు ఇద్దరం ఒప్పందం ఎట్టుకున్నాం. ఔనంటే ఒక రెప్ప, కాదంటే రెండు. మొదట్లో బాగానే నడిసింది."

"తర్వాత?"

"ఒకనాడు మద్దినేళ ఇంటికొచ్చినాను. నన్ను సూసి అదే పనిగా కళ్లు తిప్పుతున్నాడు. దాహమా అన్నాను, కాదు. నొప్పా, కాదు. పక్క తడిసిందా, కాదు. ఫేనెయ్యాలా, కాదు. నానడిగిందల్లా కాదే. ఆకరికి ఆయన కంట్లోంచి నీలొచ్చీసినాయండి. ఇంక ఉండలేక డబ్బీలోంచి పొర తీసి ఎట్టీసుకున్నాను."

"ఏమన్నాడు?"

"'పొద్దున్నుంచీ తిన్లేదు నువ్వు, ముందు తిను' అన్నాడండి." పైడితల్లి చెంగుతో ముక్కు తుడుచుకుంది. "అన్నీ ఆయన గురించే అడిగినాను. నా గురించి బెంగెట్టుకున్నాడని తోచనేదు."

ఏదైనా అంటే ఏడుపు వస్తుందని, విరజ కంటిగొట్టం అద్దాన్ని గుడ్డతో తుడిచింది. అది శుభ్రంగానే ఉంది.

"ఆ ఒక్కరోజేనా?"

"ఆ రోజుతో ఆగితే బాగున్ను. మర్నాటి నుంచి సాయంత్రం పూట కాసేపు ఎట్టుకునేదాన్ని. మొన్నటి నుంచి ముట్టనేదండి. ఆముదం సుక్కేసి కడిగితే గుర్తు పోద్దనుకున్నాను."

ఆముదంతో పోని రోగం లేదని నమ్మే ఊళ్లో ఆమెని తప్పు పట్టేదేముంది. విరజ తల పంకించింది.

"నాలుగేళ్లు ఆయన నాతో మాటాడలేడా అమ్మా?"

విరజ రెండు మాటలూ తూచి చూసుకుంది. సిద్ధం అంటే ఆ కన్ను వంకరగానే చెక్కేస్తారు. అలికినట్టున్న అక్షరాలు చూస్తూ బతకాలి. ఉల్లంఘన అంటే ఆ ఇంట్లో మాట ఆగిపోతుంది. 'ఇంకో పదిహేను రోజులు ఆగి రండి' అనే మాట ఒకప్పుడు ఉండేది. పలుకుబడి ఉన్నవాళ్లు దాన్ని అడ్డం పెట్టుకుని వంతులు అటూ ఇటూ మార్చుకుంటున్నారని తీసేశారు. మంచి ఉద్దేశంతోనే తీసేశారు.

యంత్రం అడుగున, మూత కింద, ఒక మీట ఉంది. కొత్తగా యంత్రాలు దిగిన కాలంలో, వాటి మీద నమ్మకం కుదరనప్పుడు పెట్టినది. అపనమ్మకం మీట అంటారు. అది లాగి, పర్యవేక్షకుడు సబబంటే, ఆ రోజు అక్కడ తీసిన కొలతలన్నీ రద్దు. ఎవరి వంతూ పోదు, కాని అందరూ ఇంకో పక్షం రోజులు ఒట్టికళ్లతో ఉండి మళ్లీ కొలిపించుకోవాలి. లాగినవాళ్ల మీద విచారణ. విరజ ఉద్యోగంలో చేరాక దాన్ని లాగినవాళ్లు లేరు.

హాల్లో కూర్చున్నవాళ్లు గుర్తొచ్చి ఆమె చెయ్యి వెనక్కి వచ్చింది. నెల్లాళ్లు తడుముకుంటూ తిరిగినవాళ్లు. బస్సు ఎక్కడానికి ఊళ్లో అందర్నీ బతిమాలుకున్నవాళ్లు. ఒక్కరి కోసం అంతమందిని మళ్లీ ఆ చీకట్లోకి తోసే హక్కు తనకెక్కడిది? పక్షం రోజులు కదా, అనుకుంది. నాలుగేళ్లు కాదు కదా. విరజ మూత తీసి మీట లాగేసింది.

కేంద్రమంతా దీపాలు పసుపురంగుకి మారాయి. పర్యవేక్షకుడు పట్నాయక్ గారు మెట్లు దిగి వచ్చేసరికి ఆయాసపడుతున్నారు. సన్నగా, నియమంగా బతికే మనిషి. కోపం వచ్చినా గొంతు పెంచరు.

"విరజమ్మా, మతి ఉండే చేశావా?"

"ఈ కొలతని నమ్మలేనండి."

ఆయన పైడితల్లినీ, ఆమె వేళ్లకి చుట్టుకున్న చెంగునీ చూశారు. విషయం అర్థమైనట్టే ఉంది. "జాలికి మీట లాగుతారటమ్మా? నేను సబబని చెబితే గాని నీ మీట చెల్లదు, తెలుసు కదా. కాదని చెప్పడానికే వచ్చాను."

"చెప్పండి. కాని దీపాలు మారాయి, హాల్లో వాళ్లు కంగారు పడుతుంటారు. ముందు వాళ్లకి చెప్పాలి కదండీ."

"నువ్వే చెప్పు. తిట్లు కూడా నువ్వే తిను."

హాలు నిండా జనం. కొలత అయినవాళ్లు పచ్చబిళ్లలు పట్టుకుని కాంతిచెక్కు తేదీ కోసం ఎదురుచూస్తున్నారు. విరజ ఉన్నదున్నట్టు చెప్పింది. ఈ రోజు కొలతలు రద్దు కావచ్చని, అందరూ ఇంకో పక్షం రోజులు పొర లేకుండా ఉండాలని. చెప్పి, తిట్ల కోసం నిలబడింది.

ఆమె వెనక నుంచి పైడితల్లి ముందుకొచ్చింది. "ఆవిడనేటి అనకండి బాబూ. తప్పు నాది. మా ఆయన మాట కోసం నాను దొంగతనంగా పొరెట్టుకున్నాను. నావల్ల మీకందరికీ కట్టమొచ్చింది. నన్ను తిట్టండి."

ముందు వరసలో తలపాగా చుట్టిన పెద్దాయన తన పచ్చబిళ్లని అటూ ఇటూ తిప్పి, దాన్ని పక్క కుర్చీలో పెట్టాడు.

"కూకో తల్లీ, కూకో. నువ్వొక్కదానివేనేటి? బస్సు నంబరు సదివెట్టమని రోజూ ఆడపిల్లల్ని అడగడానికి నాకు సిగ్గేసీసింది. బస్టాండు దాకా పొరెట్టుకుని, ఎక్కినాక తీసీసేవోణ్ని. ఈ కేంద్రమోళ్లు ఉల్లంఘన రాసీస్తారని బయమేసి సెప్పనేదు గాని, కన్ను పోద్దేమోనని నిన్నట్నుంచి నిద్దర్నేదు నాకు."

"మా అత్తగారు నిశ్చితార్థంలో ఈ సోడాబుడ్లు వద్దన్నారండి," అంది కిటికీ దగ్గరి అమ్మాయి, కళ్లద్దాలు తీసి ఒళ్లో పెట్టుకుంటూ. "ఆ రోజు పొద్దున్నుంచి రాత్రిదాకా పెట్టుకున్నాను." ఆమె చేతిలోనూ పచ్చబిళ్లే ఉంది.

గోడవార కూర్చున్నాయన చెయ్యి ఎత్తాడు. అతని వెనక ఇంకొకావిడ ఎత్తింది. తర్వాత ఇంకొకరు. పక్షం రోజులు పోయాయని ఒక్కరూ అనలేదు. హాలంతా బరువు దించుకున్నట్టు ఊపిరి వదిలింది.

పట్నాయక్ గారు గుమ్మంలోనే నిలబడిపోయారు. ఎత్తిన చేతుల్లో సగానికి పైగా పచ్చబిళ్లలున్నాయి. "వీళ్లందరికీ సిద్ధం అని చెప్పింది మన యంత్రమే కదా?" అన్నారు, అడుగుతున్నట్టు కాకుండా.

"మనమే," అంది విరజ. నిన్న కొలిచినవాళ్లు, మొన్న కొలిచినవాళ్లు, ఇప్పటికే చెక్కించుకున్నవాళ్లు, వాళ్లలో ఎందరి కళ్లు వంకరో. జాలిపడి లాగిన మీట మీది అపనమ్మకం నిజమైపోయింది.

"పర్యవేక్షకుడు నిర్ధారించాలి," అంది వరుస, హాలు గోడలోంచి. "అపనమ్మకం సబబేనా?"

పట్నాయక్ గారు విరజ మొహం చూశారు. "సబబే," అన్నారు.

"దోషం ఎక్కడ? యంత్రంలోనా, కొలిచిన మనిషిలోనా?"

ఆయన గొంతు సవరించుకున్నారు. ఇన్నేళ్ల ఉద్యోగంలో వరుస ఇచ్చిన రెండు జవాబుల్లో ఒకటి ఎంచుకోవడం తప్ప ఆయన మూడోది పలికిన పాపాన పోలేదు.

"నియమంలో," అన్నారు. "నిజం చెబితే వంతు పోతుందనే నియమంలో."