లైన్లో ఉన్నంతసేపే

"హలో! మళ్లీ లైన్ కట్ చేశారంటే ఊరుకోను!"

"ఊరుకోక ఏం చేస్తారు? తుపాకీ పట్టుకుని ఎక్స్ఛేంజ్‌కి వస్తారా?"

యుద్ధం రోజుల్లో, సరిహద్దు నుంచి వాళ్లమ్మకి ఫోన్ చేసిన సైనికుడికీ, లైన్ కలిపే ఆపరేటర్ అమ్మాయికీ గొడవ అలా మొదలైంది. ఆ గొడవే మెల్లగా కబుర్లయింది. నిజానికి ఆపరేటర్లు కబుర్లాడకూడదు. సూపర్‌వైజర్ దగ్గరికొస్తే ఆమె గొంతు మార్చి "టెస్టింగ్... టెస్టింగ్..." అనేది. అవతల అతను పొట్ట చెక్కలయ్యేలా నవ్వేవాడు. బాంబుల మోత మధ్య "మీ గొంతు వింటుంటే భయం వెయ్యట్లేదండీ" అన్నాడొకసారి. ఆ ఒక్క మాటకే పడిపోయి, ముఖమైనా చూడకుండా మనసిచ్చేసింది.

యుద్ధం ఆగింది. పెళ్లయింది. దాంతో అతనికి మాటలు అయిపోయాయి.

ఎదురుగా కూర్చుంటే ఉలుకూ పలుకూ లేదు. సైన్యం వదిలాక చేరిన గోడౌన్ ఆఫీసుకి వెళ్లగానే మాత్రం ఫోన్ చేసి, "ఆపరేటర్ గారూ, భోంచేశారా?" అంటూ మాటల మూట విప్పేవాడు. ఆ గొంతుకి అతను ఊహించుకున్న ముఖం తనది కాదేమో! అడగడానికి ఆమెకి ధైర్యం చాలలేదు. ఆ ఫోన్ కోసమే జుట్టు నెరిసేదాకా ఈ మనిషిని భరించింది.

ఇప్పుడతను రిటైరయ్యాడు.

"ఇంకేంటమ్మా, నాన్న రోజంతా నీ కొంగు పట్టుకునే ఉంటాడు!" అని ఆటపట్టించి కూతురు అత్తారింటికి వెళ్లిపోయింది.

వారమైంది. గోడలకైనా చెవులుంటాయంటారు, ఈయనకి నోరు కూడా లేదు.

"నాతో ఒక్క మాట మాట్లాడితే మీ సొమ్మేం పోతుంది?" అని బతిమాలింది. అతను కంగారుగా పేపరు మడిచి, మళ్లీ విప్పాడు.

ఉక్రోషం పట్టలేక ఎదురుగా ఉన్న దర్జీ కొట్టుకి వెళ్లి, ఇంటికి ఫోన్ చేసింది.

"నేనే."

"ఆపరేటర్ గారూ! ఎన్నాళ్లయిందండీ! గొంతు బొంగురుపోయింది, జలుబా?"

అదే కుర్రతనం. మోకాలి నొప్పి, ఊసుపోకపోవడం, ఆమె మీద బెంగ, అన్నీ చెప్పుకుపోతున్నాడు. రోడ్డు అవతల, ఇంటి కిటికీలోంచి కనిపిస్తున్నాడు కూడా. నవ్వుతున్నాడు. ఇన్నేళ్లలో ఆ నవ్వు ఆమె విన్నదేగాని చూసింది లేదు.

"ఉండండి, వచ్చేస్తున్నా. ఇవన్నీ నా ఎదురుగా చెప్పండి," అంది ఆత్రంగా.

కిటికీలో అతను కంగారుగా వీధి గుమ్మం వైపు చూశాడు.

"వద్దండీ," అన్నాడు నెమ్మదిగా. "ఇంటికొస్తే మళ్లీ మా ఆవిడ అయిపోతారు."

ఆమెకి ఒళ్లు మండిపోయింది. ఏడుపూ వచ్చింది. అయినా రిసీవర్ పెట్టెయ్యడానికి చెయ్యి రాలేదు. దర్జీ స్టూలు లాక్కుని కూర్చుంది.

"చెప్పండి," అంది.